పదోన్నతి మార్కులు ఉద్యోగికి కనపడాలి

సంపాదకులు గారికి,

నమస్కారం. ప్రభుత్వ రంగంలో పదోన్నతులన్నీ ప్రతిభ చూసే ఇవ్వాలని, సీనియారిటీ అంటే పని చేయనివాళ్లకు గొడుగు పట్టడమేనని మీ పాఠకుల పేజీలో ఈమధ్య ఒకరు రాశారు. చదివి పక్కన పెట్టేశాను. రెండు రోజుల తర్వాత, నా దగ్గర పనిచేసిన ఒక అమ్మాయి ఫోన్ చేసింది. ఇప్పుడామె స్కేల్-2 మేనేజర్, అంటే ఆఫీసర్లలో కింది నుంచి రెండో మెట్టు. "మేడం, మన రాష్ట్రంలో నాలుగు గ్రామీణ బ్యాంకులూ కలిసిపోయాయి కదా, సీనియారిటీ లిస్టులో నా నంబరు ఎక్కడికి పోతుందోనని టెన్షన్‌గా ఉంది. నిద్ర పట్టడం లేదు" అంది. ఫోన్ పెట్టేశాక ఆ లేఖ మళ్లీ తీసి చదివాను. రాసినాయన మాటల్లో సగం నిజం ఉంది. మిగతా సగం ఆయనకు చూసే అవకాశం వచ్చి ఉండదు. నేను చూశాను.

1985లో రాయలసీమలోని ఒక గ్రామీణ బ్యాంకులో క్లర్క్-కమ్-క్యాషియర్‌గా చేరాను. 2023లో సీనియర్ మేనేజర్‌గా రిటైరయ్యాను. ఆ బ్యాంకు పేరు రాయడం లేదు, ఎందుకంటే నేను చెప్పబోయేది ఒక్క బ్యాంకు సంగతి కాదు. ముప్పై ఎనిమిదేళ్ల సర్వీసులో ఒకసారి నేను నా సీనియర్‌ను దాటి పైకి వెళ్లాను. ఒకసారి నా జూనియర్లు నన్ను దాటి వెళ్లారు.

ముందు నేను దాటి వెళ్లిన మనిషి గురించి చెబుతాను.

నేను చేరేనాటికి ఆయన ఆ శాఖలో ఎనిమిదేళ్లుగా ఉన్నారు. నన్ను "ఏమ్మా" అని పిలిచేవారు. నాకు పని నేర్పింది ఆయనే. బంగారు తాకట్టుకు గొలుసు వస్తే, "ముందు కొక్కెం దగ్గర చూడమ్మా, రోజూ రాపిడి తగిలేది అక్కడే. పైపూత ఉంటే లోపలి రంగు అక్కడే బయటపడుతుంది" అనేవారు. అప్రైజర్ గీటురాయి తీయకముందే ఆయన చేతిలో వేసుకుని బరువు చెప్పేసేవారు. సాయంత్రం డే బుక్, అంటే ఆ రోజు లావాదేవీల లెక్క, కలవకపోతే మేమందరం తలలు పట్టుకునేవాళ్లం. ఆయన తేడా ఎంతో అడిగి, దాన్ని తొమ్మిదితో భాగించి చూసేవారు. నిశ్శేషంగా పోతే, "ఎక్కడో అంకెలు తారుమారయినాయి, క్రెడిట్ వోచర్లు చూడండి" అనేవారు. పది నిమిషాల్లో దొరికేది.

1990లో జస్టిస్ ఓబుల్‌రెడ్డి ట్రిబ్యునల్ అవార్డు, అంటే తీర్పు, వచ్చి మా జీతాలు వాణిజ్య బ్యాంకులతో సమానమయ్యాయి. అంతకుముందు రాష్ట్ర ప్రభుత్వ ఉద్యోగుల స్థాయి జీతాలే. జీతం సంగతి తేలాక, అందరికీ ప్రమోషనే పెద్ద ప్రశ్న అయింది. 1999లో క్లర్కు నుంచి ఆఫీసరు ప్రమోషన్‌కు రాత పరీక్ష, ఇంటర్వ్యూ పెట్టారు. ఇద్దరం రాశాం, ఇద్దరం రాత పరీక్ష పాసయ్యాం. ఇంటర్వ్యూ ఇంగ్లీషులో. నేను కాలేజీలో ఇంగ్లీషు మీడియం చదివాను కాబట్టి ఏదో గడిచిపోయింది. ఆయన్ని సీఆర్ఆర్ (బ్యాంకులు రిజర్వు బ్యాంకు దగ్గర ఉంచాల్సిన నగదు నిల్వ) అంటే ఏమిటి, రిజర్వు బ్యాంకు దాన్ని ఎందుకు పెంచుతుంది అని అడిగారట. "తెలుసమ్మా, తెలుగులో చెప్తానన్నాను. సరే, వెళ్లిరండి అన్నారు" అని బస్సులో చెప్పారు. ఇంటర్వ్యూలో కనీస మార్కులు రాలేదని ఆయన పేరు లిస్టులో లేదు. నా పేరు ఉంది.

ప్రమోషన్ మీద వేరే ఊరు వెళ్లి, కొన్నేళ్లకు మేనేజర్‌నై మళ్లీ ఆయన ఉన్న శాఖకే వచ్చాను. మొదటి రోజు లేచి నిలబడి "నమస్తే మేడం" అన్నారు. ఆ పిలుపు నాకు ఈరోజుకీ గుర్తుంది. ఎంత చెప్పినా మళ్లీ ఎప్పుడూ "ఏమ్మా" అనలేదు.

ఆ శాఖలో ఉండగానే 2008 రుణమాఫీ వచ్చింది. కేంద్రం ఇచ్చినది. ఐదెకరాల లోపు రైతులకు, అంటే రెండు హెక్టార్ల లోపు వాళ్లకు, 2007 మార్చి 31 లోపు తీసుకుని, ఆ ఏడాది డిసెంబరు చివరికి బాకీ పడి, 2008 ఫిబ్రవరి 29 దాకా కట్టని పంట రుణం పూర్తిగా మాఫీ. అంతకు మించి భూమి ఉంటే షరతులతో కొంత రాయితీ మాత్రమే. జూన్ చివరికల్లా జాబితాలు నోటీసు బోర్డు మీద పెట్టాలి. నేను రాత్రి తొమ్మిదింటి దాకా కూర్చుని పాస్‌బుక్కులు చూసి లిస్టులు రాస్తున్నాను. ఒక రైతు పాస్‌బుక్కులో ఏడెకరాల పది సెంట్లు ఉంది. పెద్ద రైతుల జాబితాలో రాసేశాను. నాకు పని నేర్పినాయన పక్కన నిలబడి చూసి, "ఈయప్ప లోను తీసుకునేటప్పుడు వాళ్ల నాయన బతికే ఉన్నాడు మేడం. నాయన భాగం తర్వాత ఎక్కింది" అన్నారు.

నాకు నమ్మకం కలగలేదు. ఆయనేమీ వాదించలేదు. లోపలి గదిలోకి వెళ్లి, దుమ్ము కొట్టుకుపోయిన పాత అప్లికేషన్ల కట్ట తెచ్చారు. దారం విప్పి, వేలు తడి చేసుకుని ఒక్కొక్క కాగితం తిప్పారు. 2005 అప్లికేషన్. భూమి వివరాల గడిలో నీలి ఇంకుతో మూడెకరాల పది సెంట్లు. కింద ఆ రైతు వేలిముద్ర, దాని పక్కన ఆయనే రాసిన సాక్షి సంతకం. మార్గదర్శకాల్లో స్పష్టంగా ఉంది, లోను మంజూరు చేసిన నాటి భూమినే లెక్కలోకి తీసుకోవాలని. ఆ వాక్యం నేను చదివాను, చదివి కూడా చేతిలో ఉన్న పాస్‌బుక్కే చూశాను. ఆ రాత్రి ఇద్దరం కూర్చుని జాబితా మొత్తం మళ్లీ మొదటి నుంచి చూశాం. ఇంకో నలుగురు రైతుల పేర్లు అలాగే మారాయి. ఆయన అక్కడ లేకపోతే ఆ ఐదుగురి మాఫీ నా చేతుల మీదుగానే పోయేది. రాత పరీక్షలో, ఇంటర్వ్యూలో నాకు ఆయనకంటే ఎక్కువ మార్కులు వచ్చాయి. ఆ మార్కులు ఈ పని తెలుసా లేదా అని కొలవలేదు.

2014లో ఆయన చేరిన కేడర్‌లోనే రిటైరయ్యారు. అప్పటికి పోస్టు పేరు ఒకటి మారి ఆఫీస్ అసిస్టెంట్ అయింది, అంతే.

ఇది చదివి సీనియారిటీ ఒక్కటే చాలంటున్నానని అనుకోవద్దు. మీ పాఠకుడు రాసినట్టు, వరుసలో నిలబడి పైకి వచ్చేసిన వాళ్ల కింద కూడా పనిచేశాను. శాఖలన్నిటినీ ఒకే కంప్యూటర్ వ్యవస్థలో కలిపే కోర్ బ్యాంకింగ్‌లోకి మారిన కొత్తలో ఒక మేనేజర్ ఉండేవారు. సర్వీసులో చాలా సీనియర్. కంప్యూటర్ ముందు కూర్చోనని భీష్మించారు. తన పాస్‌వర్డ్ ఒక జూనియర్ అమ్మాయికి ఇచ్చేశారు. ఒకరు ఎంట్రీ వేస్తే ఇంకొకరు చూసి పాస్ చేయాలన్నది ఆ పద్ధతి ప్రాణం. ఆ శాఖలో వేసేదీ పాస్ చేసేదీ ఆ అమ్మాయి ఒక్కతే. ఒకరోజు పొరపాటున ఒకరి పింఛను డబ్బులు ఇంకొకరి ఖాతాలో పడ్డాయి. మెమో వచ్చింది ఆ అమ్మాయికే. అలాంటి మనిషికి ఏళ్ల లెక్క ఒక్కటే చూసి ప్రమోషన్ ఇవ్వడం తప్పు. కౌంటర్ ముందు నిలబడిన ముసలమ్మకు మేనేజర్ సర్వీసు ఎన్నేళ్లో అనవసరం, పింఛను చేతికి రావాలి.

కాబట్టి ఒక కనీస ప్రమాణం ఉండాల్సిందే. అది దాటాక ఎవరు ముందు అన్నదే ప్రశ్న. దీనికి సుప్రీంకోర్టు చెప్పిన జవాబు మన ప్రాంతం కేసులోనే ఉంది. 1998లో శివయ్య వర్సెస్ అడ్డంకి బాబు కేసు. గ్రామీణ బ్యాంకుల పదోన్నతుల గురించి, అందులో రాయలసీమ గ్రామీణ బ్యాంకు వివాదమూ ఉంది. మా నిబంధనల్లో పదోన్నతికి "సీనియారిటీ-కమ్-మెరిట్" అని రాసి ఉండేది. దాన్ని ఎవరికి నచ్చినట్టు వాళ్లు చదివేవారు. పనికి కావలసిన కనీస ప్రతిభ ఎంతో నిర్ణయించుకోండి, దాన్ని మార్కులతో కొలవండి, అది అందుకున్న వాళ్లలో మాత్రం సీనియర్‌కే ముందు అవకాశం, జూనియర్‌కు ఇంకాస్త ఎక్కువ ప్రతిభ ఉన్నా సరే అన్నది ఆ తీర్పు సారాంశం. ఆ తీర్పు జిరాక్సు కాపీ మా శాఖకు చేరినప్పుడు భోజనాల వేళ ఒకరు చదువుతుంటే ఒకరు తెలుగులో చెబుతూ అందరం విన్నాం. పోలిక పెట్టి ఎవరికి ఎక్కువ మార్కులొస్తే వాళ్లే అనే పద్ధతి వేరు, గడప దాటిన వాళ్లను వరుసలో పిలిచే పద్ధతి వేరు అని మాకు అప్పుడు అర్థమైంది.

ఇంకో మాట. ప్రభుత్వంలో ప్రతిభను చూడరు అనడం కూడా సరికాదు. మన 1996 నాటి రాష్ట్ర, సబార్డినేట్ సర్వీసు నిబంధనలు చూడండి. సెలక్షన్ పోస్టులకు ప్రతిభ, సామర్థ్యమే ఆధారం. అవి దాదాపు సమానంగా ఉన్నప్పుడే సీనియారిటీ చూస్తారు. కాగితం మీద ప్రతిభకు చోటు ఎప్పుడూ ఉంది. ఆ ప్రతిభను ఎవరు కొలుస్తున్నారు, ఎలా కొలుస్తున్నారు, కొలిచింది ఉద్యోగికి చూపిస్తున్నారా అన్న దగ్గరే చిక్కంతా ఉంది.

నా రెండో అనుభవం అదే. 2013లో సీనియర్ మేనేజర్ ప్రమోషన్. రాత పరీక్ష బాగా రాశాను. ఇంటర్వ్యూలో శాఖ గురించి, పొదుపు సంఘాల గురించి, మొండి బకాయిల గురించి అడుగుతారని ఫైళ్లన్నీ చదువుకుని వెళ్లాను. "మీ భర్త ఎక్కడ పనిచేస్తారు? పిల్లలు ఏం చదువుతున్నారు? దూరం వేస్తే వెళ్లగలరా?" ఇవే ప్రశ్నలు. వెళ్తానని చెప్పాను. మా శాఖలో డ్వాక్రా సంఘాల రుణాల వసూలు ఆ ఏడాది చాలా బాగుంది. ఆ మాట చెప్పడానికి రెండుసార్లు ప్రయత్నించాను. ఎవరూ వినలేదు. ఫలితాలొచ్చాయి, నా పేరు లేదు. నా తర్వాత చేరిన ముగ్గురి పేర్లు ఉన్నాయి. ఇంటికెళ్లి ఎవరితోనూ మాట్లాడలేదు. మా ఆయన, "నీకు చేత కాలేదని కాదులే" అంటే, చేతనైందో కాలేదో తెలుసుకోవడానికి నా చేతిలో ఒక్క కాగితమైనా లేదే అని ఏడుపొచ్చింది.

తర్వాత సమాచార హక్కు చట్టం కింద దరఖాస్తు పెట్టాను. జవాబు వచ్చింది. రాత పరీక్షలో మంచి మార్కులే. ఇంటర్వ్యూలో పాస్ మార్కుకు ఒకటి తక్కువ. దాంతోపాటు వచ్చిన, ఏటా పై అధికారి మన పనిని అంచనా వేసి రాసే అప్రైజల్ షీట్లలో రెండేళ్లు "వెరీ గుడ్" ఉంటే మధ్యలో ఒక ఏడాది ఒట్టి "గుడ్" ఉంది. ఆ సంగతి నాకు ఎవరూ చెప్పలేదు. ఆ ఏడాది మా శాఖ టార్గెట్లన్నీ అందుకుంది. ఎందుకు తగ్గించారో అడుగుదామంటే ఆ రాసిన అధికారి అప్పటికి రిటైరైపోయారు.

2008లోనే దేవ్ దత్ కేసులో సుప్రీంకోర్టు దీని గురించి చెప్పింది. బోర్డర్ రోడ్స్ ఇంజనీరు ఆయన. పదోన్నతికి "వెరీ గుడ్" కావాలి, ఒక ఏడాది ఆయనకు "గుడ్" రాశారు, ఆ సంగతి ఆయనకు తెలపలేదు. "గుడ్" అన్నది మంచి మాటే కదా, చెప్పాల్సిన పనేముంది అనడానికి వీల్లేదు, పదోన్నతికి అడ్డం పడేదైతే అది చెడ్డ మాటే, ఏ ఎంట్రీ అయినా ఉద్యోగికి తెలపాల్సిందే, అభ్యంతరం చెప్పుకునే వీలు ఇవ్వాల్సిందే అని కోర్టు స్పష్టం చేసింది. 2013లో ముగ్గురు జడ్జీల ధర్మాసనం కూడా అదే సరైనదని చెప్పింది. నేను ఆ తీర్పు చదివింది దెబ్బ తగిలాక.

మా ఆడవాళ్ల విషయంలో ఇంకొకటి ఉంది. ప్రమోషన్ అంటే బదిలీ. పిల్లలు టెన్తులో, ఇంటర్లో ఉన్నప్పుడు, అత్తమామలు మంచాన ఉన్నప్పుడు వచ్చే ప్రమోషన్‌ను వద్దని రాసిచ్చేసిన వాళ్లు నాకు తెలిసి పదిమందికి తక్కువ కాదు. అందులో నాకంటే తెలివైన వాళ్లే ఎక్కువ. మరి కొందరు అసలు పరీక్షే రాయరు. ఆ తర్వాత ఎవరైనా లిస్టు చూసి, ఆడవాళ్లలో నాయకత్వ ప్రతిభ తక్కువ అంటే నాకు కోపం వస్తుంది. దూరం వెళ్లగలగడం ప్రతిభ కాదు. అది పోస్టింగ్ ఇచ్చేటప్పుడు మాట్లాడుకోవాల్సిన విషయం. ఇంటర్వ్యూ మార్కుల్లో దాన్ని కలపకూడదు.

ఇక ఇప్పటి సంగతి. 2025 మే 1 నుంచి మన రాష్ట్రంలోని నాలుగు గ్రామీణ బ్యాంకులు, చైతన్య గోదావరి, ఆంధ్రా ప్రగతి, సప్తగిరి, ఆంధ్రప్రదేశ్ గ్రామీణ వికాస్, అన్నీ కలిసి ఒక్క ఆంధ్రప్రదేశ్ గ్రామీణ బ్యాంకు అయ్యాయి. వికాస్ బ్యాంకు తెలంగాణ శాఖలు అంతకుముందే, జనవరి 1న, తెలంగాణ గ్రామీణ బ్యాంకులోకి వెళ్లాయి. శ్రీకాకుళం నుంచి అనంతపురం దాకా ఒకే బ్యాంకు కావడం ఖాతాదారులకు మంచిదే. కానీ సీనియారిటీ మాట చూడండి. ఒకే నెలలో ఇద్దరు వేర్వేరు బ్యాంకుల్లో స్కేల్-1గా చేరారనుకుందాం. ఒక బ్యాంకులో కొత్త శాఖలు పెరిగి, పైవాళ్లు రిటైరై, ఖాళీలు వచ్చాయి కాబట్టి ఒకరు ఆరేళ్లకే స్కేల్-2 అయ్యారు. ఇంకో బ్యాంకులో ఖాళీల్లేక రెండోవాళ్లకు పదకొండేళ్లు పట్టింది. పనిలో ఇద్దరూ సమానమే. స్కేల్‌లో ఎప్పటి నుంచి ఉన్నారన్నది చూస్తే రెండోవాళ్లు ఐదేళ్ల జూనియర్. మొత్తం సర్వీసు చూస్తే మొదటివాళ్లు, నేను సంపాదించుకున్నది ఏమైందని అడుగుతారు. ఎలా లెక్క కట్టినా ఎవరికో ఒకరికి కడుపు కాలుతుంది. నాకు ఫోన్ చేసిన అమ్మాయి బాధ అదే.

సీనియారిటీని గట్టిగా సమర్థించే మాలాంటి వాళ్లం ఈ సంగతి కూడా ఒప్పుకోవాలి. చేరిన తేదీ ఎవరూ మార్చలేరు, అందుకే దాన్ని నమ్ముతాం. ఆ తేదీ తర్వాత ఖాళీలు ఎప్పుడొచ్చాయన్నది మాత్రం మన చేతిలో లేదు. అందుకే కలిసిన బ్యాంకుల్లో లెక్క ఏ పద్ధతిలో కడుతున్నారో, ఒక్కొక్కరి నంబరు ఎందుకు అక్కడ పడిందో, ప్రతి ఉద్యోగికీ కాగితం మీద చెప్పాలి. అభ్యంతరం రాసుకోవడానికి సరిపడా సమయం ఇవ్వాలి. మార్చి ఎండింగ్ హడావిడిలో వారం గడువు పెడితే ఎవరూ రాయలేరు.

పదోన్నతులు చూసే అధికారులను, యూనియన్ల వాళ్లను నేను కోరేది పెద్దగా ఏమీ లేదు. కనీస ప్రమాణాన్ని రాత పరీక్షలోనే పెట్టండి. ఆ పరీక్ష తెలుగులో రాసే వీలు కల్పించండి, శాఖలో రోజూ చేసే పని మీద ప్రశ్నలు అడగండి. ఒక పాస్‌బుక్కు, ఒక పాత అప్లికేషన్, ఒక సర్క్యులర్ చేతికిచ్చి ఈ రైతుకు ఏమి వర్తిస్తుందో రాయమనండి. కంప్యూటర్ మీద పని చేసి చూపించమనండి, అది చేయలేనివాళ్లు ఎంత సీనియర్ అయినా ఆగాల్సిందే. ఇంటర్వ్యూలో పాస్ మార్కు అనేది ఎత్తేయండి. పావుగంట మాటల్లో ఇరవై ఏళ్ల మనిషిని ఫెయిల్ చేసే అధికారం ఏ ప్యానెల్‌కూ ఉండకూడదు. చురుకైన కుర్రవాళ్లను ఆపాలని నేను అనడం లేదు. చాలా బ్యాంకుల్లో నార్మల్ ఛానెల్, ఫాస్ట్ ట్రాక్ అని రెండు దారులు ఉన్నాయి. ఫాస్ట్ ట్రాక్‌కు ఇన్ని ఖాళీలని ముందే ప్రకటించి ఆ దారిలో పోటీ పెట్టండి. వరుసలో ఉన్నవాళ్ల ఖాళీలు వాళ్లకు ఉంచండి. ఫలితాల రోజునే అందరి మార్కులూ, రాత పరీక్షవి, అప్రైజల్‌వి విడివిడిగా, లిస్టుతోపాటు పెట్టండి. నాలాగా సమాచార హక్కు దరఖాస్తు పెట్టుకుని నెలల తరబడి ఎదురుచూసే పని ఉండకూడదు.

నాకు 2016లో ప్రమోషన్ వచ్చింది. మూడేళ్లు ఆలస్యమైనా వచ్చింది కాబట్టి నా బాధ కొంత తీరింది. నాకు పని నేర్పినాయనకు ఎప్పటికీ రాలేదు. ఆయన రెండోసారి పరీక్ష రాసినప్పుడు కూడా రాతలో పాసై ఇంటర్వ్యూలో ఆగిపోయారు, ఆ తర్వాత మానేశారు. ఎన్ని మార్కులు తక్కువయ్యాయో ఆయనకు ఎవరూ చెప్పలేదు, ఆయనా అడగలేదు.

నాకు ఫోన్ చేసిన అమ్మాయికి చెప్పిందే ఉద్యోగంలో ఉన్న మిగతా పిల్లలకూ చెబుతున్నాను. ఈ ఏడాది సెల్ఫ్ అప్రైజల్ నింపేటప్పుడు ఒక కాపీ ఇంట్లో పెట్టుకోండి. పై అధికారి ఏమి రాశారో చూపించమని అడగండి, నోటితో కాదు, ఉత్తరం రాసి తేదీ వేసి అడగండి. "గుడ్" అని ఉంటే ఊరుకోవద్దు. సీనియారిటీ జాబితా వచ్చిన రోజే మీ చేరిన తేదీ, కన్ఫర్మేషన్ తేదీ, ప్రమోషన్ తేదీ సర్వీస్ రికార్డుతో పోల్చి చూసుకోండి.

ఇట్లు,
ఒక విశ్రాంత గ్రామీణ బ్యాంకు అధికారిణి,
అనంతపురం